మా అత్తమ్మ నామినేషన్

మా ఊరి పంచాయతీకి ఐదేళ్లు నిండి పాత సర్పంచ్ దిగిపోయాక, ఆ కుర్చీలోకి మనిషి రాలేదు, ఒక సంతకం వచ్చింది. దాన్ని స్పెషల్ ఆఫీసర్ అంటారు. ఆయనకు మండలంలో వేరే ఉద్యోగం ఉంది. మా ఊరితో పాటు ఇంకో మూడు ఊళ్లు కూడా ఆయన నెత్తినే పెట్టారు. గురువారం వస్తారని పంచాయతీ ఆఫీసు తలుపు మీద కాగితం అంటించారు, ఏ గురువారమో మాత్రం రాయలేదు. వచ్చిన రోజు కూడా ఆయన బండి ఇంజను ఆపేవాడు కాదు. ఆయనను చూస్తేనే నాకు ఒళ్లు మండేది.

ఎన్నికలు ఎందుకు పెట్టరయ్యా అంటే రిజర్వేషన్ల లెక్క కోర్టులో ఉందని ఒకరు, ఉద్యమం నడుస్తోందని ఇంకొకరు, పైనుంచి ఆర్డర్ రాలేదని అందరూ చెప్పేవాళ్లు. అసలు సంగతి మా ఊరి మేకల కాపరికి కూడా తెలుసు. గచ్చిబౌలిలో కంపెనీలు లేస్తున్నకొద్దీ ఇటు మొయినాబాద్ నుంచి చేవెళ్ల దాకా భూములకు రెక్కలొచ్చాయి. రోడ్డుకు రెండు పక్కలా రంగు జెండాలు, బోర్డులు. సర్పంచ్, వార్డు మెంబర్లు ఉంటే పదిమందిని మంచి చేసుకోవాలి. స్పెషల్ ఆఫీసర్ అయితే ఒక్కడు చాలు. ఎన్నికలు లేకపోతే ఇంతమందికి ఇంత సుఖమా అని నాకు అప్పుడే తెలిసింది.

నా పేరు ఆశ. మొయినాబాద్ దగ్గర ఒక ఇంజనీరింగ్ కాలేజీ ఆఫీసులో పనిచేస్తాను. మా ఆయన క్రాంతి కుమార్ కంపెనీ వాళ్లను క్యాబ్‌లో తిప్పుతాడు. మా అత్తమ్మ మారెమ్మ ఇప్పటికీ కూలికి పోతుంది. మాది తాతల నాటి నుంచి చర్చికి పోయే ఇల్లే. కానీ చిన్నప్పుడు అమ్మవారు పోసి బతికిందని వాళ్ల నాయనమ్మ ఆమెకు ఆ పేరు పెట్టింది. మరియమ్మ అని మార్చుకోమని పాస్టర్ గారు చెప్పి చెప్పి అలిసిపోయారు. "ఈ పేరు మీదనే బతికిన, గిదే ఉండనీయుండ్రి" అంటుంది. నోరు తప్ప మా అత్తమ్మకు ఆస్తి లేదు. ఆ నోటికి ఊళ్లో సగం మంది జడుస్తారు, మిగతా సగం మంది పడి చస్తారు.

మా వాడ వెనక నుంచి బొందలగడ్డకు ఒక బాట ఉండేది. మా మామ మల్లప్పను మట్టి చెయ్యడానికి అటే తీసుకుపోయాం. ఆ బాటకు అడ్డంగా ఒక వెంచర్ వాళ్లు గోడ కట్టారు. వెంచర్ పేరులో 'లేక్' ఉంది, చుట్టుపక్కల చెరువు మాత్రం ఎక్కడా లేదు. గోడెక్కి చూస్తే కనబడేది మా సమాధులే. ఎవరు అడిగినా పర్మిషన్ ఉందని వాచ్‌మన్ చేత చెప్పించేవాళ్లు. వెంచర్‌కు ఊళ్లో మధ్యవర్తి మా మాజీ సర్పంచ్ బాల్‌రాజే. కుర్చీ దిగిన మర్నాటి నుంచే ప్లాట్లు చూపించుకుంటూ తిరుగుతున్నాడు.

గోడ లేచిన నెలలోనే పక్కింటి సాయిలు చనిపోయాడు. పెట్టెను ఎత్తుకొని గోడ దాకా పోయి నిలబడ్డాం. చుట్టు తిరిగి పోదామంటే అటువైపు ఫామ్‌హౌజుల ఫెన్సింగ్. చివరికి కొందరు మగవాళ్లు గోడ ఎక్కి అవతలికి దూకారు. ఇవతలి వాళ్లు పెట్టెను ఎత్తి ఇచ్చారు. గోడ మీద పెట్టె ఒక పక్కకు ఒరిగితే లోపల సాయిలు కదిలిన చప్పుడు మాకందరికీ వినబడింది. ఆడవాళ్లం గోడ ఎక్కలేక ఇవతలే ఉండిపోయాం. సాయిలు భార్య రాములమ్మ ఆ ఇటుకలకు నుదురు ఆనించి ఏడ్చింది. మొగుడి మీద మట్టి వేసేటప్పుడు కూడా ఆమెను చూడనివ్వలేదు ఆ గోడ. ఆ రోజు నేను పడ్డ అవమానం ఇప్పటికీ నాలో అట్లాగే ఉంది.

ఒక మాట చెప్పాలి. రాములమ్మకూ మా అత్తమ్మకూ పడదు. ఎప్పుడో రాములమ్మ మేక మా చిక్కుడు పాదు మేసిందని మా అత్తమ్మ దాన్ని బందెలదొడ్లో పెట్టించింది. అప్పటి నుంచి మాటల్లేవు. ఏదన్నా చెప్పుకోవాల్సి వస్తే మధ్యలో ఇంకొకరు ఉండాలి, ఎవరూ లేకపోతే కోడితోనో గోడతోనో చెప్పేవాళ్లు. అయినా సాయిలును మట్టి చేసి వచ్చిన తర్వాతి గురువారం పంచాయతీ ఆఫీసు ముందు కూర్చున్నది మా అత్తమ్మే. సెలవు పెట్టుకొని నేనూ పోయాను. ఆ గురువారం ఆఫీసర్ నిజంగానే వచ్చాడు.

"సారూ, మా బాటకు అడ్డం గోడ కట్టుకొమ్మని ఎవలు చెప్పిన్రు?" అని అడిగింది.

"పంచాయతీ తీర్మానం ఉన్నదమ్మా. రికార్డుల అక్కడ బాట లేదు."

"పంచాయతీ యాడున్నది? దిగిపోయి రెండేండ్లయితున్నది."

"ఇప్పుడు పంచాయతీ అంటే నేనే."

మా అత్తమ్మ ఆయన్ను కిందికీ మీదికీ చూసింది. "అంటే మాట ఎత్తింది నువ్వే, చెయ్యెత్తింది నువ్వే, సంతకం పెట్టింది నువ్వే. మరి సప్పట్లు ఎవలు కొట్టిన్రు సారూ?"

బయట నిలబడ్డవాళ్లు నవ్వారు. ఆయన లేచి బండి ఎక్కి వెళ్లిపోయాడు. ఇంజను ఎట్లాగూ నడుస్తూనే ఉంది.

చేవెళ్లలో యాదగిరి అని ఒక లాయరు ఉన్నాడు, మా కాలేజీ వాచ్‌మన్‌కు మేనల్లుడు. ఆయన దగ్గరికి పోయాం. గోడ సంగతి విని, "గోడ మీద కేసేస్తే మీ మనుమలు ముసలోళ్లయినంక తీర్పు వస్తది" అన్నాడు. "ఎలక్షన్ల మీద ఎయ్యుండ్రి. ఐదేండ్లు నిండకముందే కొత్త పంచాయతీకి ఎలక్షన్ పెట్టాలె అని రాజ్యాంగంలనే ఉన్నది. పెడితే పెట్టచ్చు అని కాదు. పెట్టాల్సిందే."

"మరి పెట్టకపోతే ఎవర్ని జైల్ల ఏస్తరు?" అంది మా అత్తమ్మ.

"ఎవర్నీ ఎయ్యరు అవ్వా."

"గట్లనా! నా మేక పక్కింటి చేన్ల పడితే నాకు జుల్మానా. సర్కారు చట్టం తప్పితే ఏం లేదు."

అయినా వేలిముద్ర వేసింది. మా ఒక్కరి కేసే కాదు, అప్పటికే అట్లాంటివి చాలా పడి ఉన్నాయట. అన్నీ కలిపి విని, ఇక సాకులు చెప్పొద్దు, ఎన్నికలు పెట్టండి అని కోర్టు చెప్పింది. మా అత్తమ్మ వాడంతా తిరిగి అందరికీ తానే తీర్పు ఇచ్చినట్టు చెప్పుకొచ్చింది.

ఆ సంబరం ఎంతోసేపు నిలవలేదు. ఈసారి సర్పంచ్ పదవి మహిళలకు వచ్చింది. నోటిఫికేషన్ పడ్డ వారంలోనే ఊరి పెద్దలు బడి ఆవరణలో మీటింగ్ పెట్టారు. ఏకగ్రీవం చేద్దామన్నారు. ఏకగ్రీవం అంటే చాలామందికి తెలిసిందే. ఊరికి ఎవరు ఎక్కువ ఇస్తానంటే పదవి వాళ్లదే, రెండో నామినేషన్ పడదు, కాబట్టి ఓట్లూ ఉండవు. పోటీ లేని ఊరికి సర్కారు ఇంత అని ఇస్తుంది కూడా. బాల్‌రాజ్ తన భార్య బాలనర్సమ్మ పేరు చెప్పి, పోచమ్మ గుడికి కమాను కట్టిస్తానన్నాడు, మా చర్చికి స్లాబు వేయిస్తానన్నాడు. ఎంత తెలివి చూడండి. అటువాళ్లు చేతిలో బియ్యం పట్టుకొని ఒట్టేశారు, మావాళ్లు బైబిల్ మీద చెయ్యి పెట్టారు. కోర్టు దాకా పోయి తెచ్చుకున్న ఓటును ఒక్క పొద్దులో కమానుకూ స్లాబుకూ అమ్మేశారు. ఆ చప్పట్లు వింటుంటే నాకు ఎవరి చెంపైనా పగలగొట్టాలనిపించింది.

పాస్టర్ గారు బైబిల్ పట్టుకొని మా అత్తమ్మ ముందుకు వచ్చారు. "మారెమ్మా, ఊరంతా ఒక్క మాట మీద ఉంటే ప్రభువుకు సంతోషం" అన్నారు.

"ప్రభువును సిలువేసిన నాడు గూడ ఊరంత ఒక్క మాట మీదనే ఉండె అయ్యగారూ" అంది మా అత్తమ్మ. చెయ్యి పెట్టలేదు. కొంగు నడుముకు చుట్టుకొని మీటింగు మధ్యలోంచి లేచి వచ్చేసింది. "కోర్టుకు పోయింది ఓటెయ్యనీకి. రెండో నామినేషన్ పడాల్నంటే నేనే ఏస్త."

వేస్తాననడం సులువే. నామినేషన్ మీద అభ్యర్థి కాక, అదే ఊళ్లో ఓటున్న ఇంకొకరు ప్రతిపాదిస్తున్నానని సంతకం పెట్టాలి. నేను పెడదామంటే నా ఓటు పుట్టింట్లో, షాబాద్‌లో ఉంది. అక్కడ ఇంట్లో ఎన్ని ఓట్లుంటే అంత మర్యాద. ఒక ఓటు తగ్గుతుందని మా నాన్న నన్ను పంపాడు గానీ నా ఓటును పంపలేదు. మార్చుకోవడానికి నేను పెట్టిన దరఖాస్తు ఏ గురువారం కోసం ఎదురుచూస్తోందో తెలియదు. ఓటు కోసం లాయరు దాకా తిరిగిన నాకు ఆ ఊళ్లో ఓటు లేదు.

క్రాంతిని అడిగాం. "నన్నేం జెయ్యమంటవమ్మా?" అన్నాడు తల దించుకొని. "నా క్యాబ్ బాల్‌రాజ్ బామ్మర్ది ట్రావెల్స్‌ల నడుస్తున్నది. సంతకం పెట్టిన మర్నాడే తాళాలు గుంజుకుంటరు."

"సరే బిడ్డా, నీ బండి నడుపుకో" అంది మా అత్తమ్మ. కోపంతో అనలేదు. కోపంతో అని ఉంటే బాగుండేది, క్రాంతి మొహం చూడలేకపోయాను.

వాడంతా తిరిగింది. ఒకరు చేతికి దెబ్బ తగిలిందన్నారు, ఒకరు బైబిల్ మీద ఒట్టేశానన్నారు, ఒకరు మా అత్తమ్మను చూసి తలుపే వేసుకున్నారు. నామినేషన్లకు ఆఖరి రోజు పొద్దున మేం చాయ్ తాగుతుంటే రాములమ్మ మా గడప ముందుకు వచ్చి నిలబడింది. మొగుడు పోయి ఏడాది నిండలేదు కాబట్టి ఆమె మీటింగుకు రాలేదు, ఏ ఒట్టూ వేయలేదు.

"ఆశా, మీ అత్తకు చెప్పు, సంతకం నేను పెడ్త" అంది నాతో.

"ఎందుకట, అడుగు" అంది మా అత్తమ్మ కూడా నాతోనే.

"దాని మీద ప్రేమ, పావురం పుట్టి కాదని చెప్పు. అది ఓడిపోంగ సూడాలని నాకు ఎన్నేండ్ల సందో ఉన్నది. ఓట్లే లేకపోతే అది ఎట్ల ఓడుతది?"

మా అత్తమ్మ చాయ్ గ్లాసు కింద పెట్టి లేచింది. "నడువుమను. ఆటో పోతది."

ఇద్దరూ ఒకే షేర్ ఆటోలో చెరో అంచున కూర్చొని పోయారు. డ్వాక్రా గ్రూపులో నేర్చుకున్న సంతకాన్ని రాములమ్మ ఒక్కొక్క అక్షరం గట్టిగా ఒత్తుతూ పెట్టింది.

ఆ రోజు నుంచి ఊరు మాకు ఊరు కాకుండా పోయింది. ఊరికి సర్కారు ఇచ్చే డబ్బు మా వల్ల పోయిందట. పాలు పోసేవాడు మా ఇంటి ముందు సైకిల్ ఆపడం మానేశాడు. నన్ను చూస్తే షేర్ ఆటోలో సీటు ఉండేది కాదు. నల్లా దగ్గర మా బిందె ఎప్పుడూ చివరే. సంతకం పెట్టకపోయినా క్రాంతి చేతిలో తాళాలు గుంజుకున్నారు. తను ఇంటికొచ్చి తల్లితో మాట్లాడకుండా గోడ దిక్కు తిరిగి పడుకున్నాడు. నాకు అందరి మీదా కోపమే, ఒక్కో రోజు మా అత్తమ్మ మీద కూడా.

కానీ ఒకటి జరిగింది. పోటీ అంటూ పడ్డాక బాల్‌రాజ్‌కు మా వాడకు రాక తప్పలేదు. మా వాడలో ఓట్లు గంపెడు. గోడ సంగతి అడిగితే వాచ్‌మన్‌ను చూపించిన మనిషి, చేతులు జోడించి ఇంటింటికీ వచ్చాడు. వెనక బాలనర్సమ్మ బొట్టు పెట్టే పళ్లెం పట్టుకొని నడిచింది. మా ఇళ్లల్లో బొట్టు పెట్టుకోరని ఆమెకు ఎవరూ చెప్పినట్టు లేదు. ప్రతి గడప ముందూ కుంకుమ వేలితో తీసి, మళ్లీ పళ్లేనికే తుడుచుకుంటూ వచ్చింది. ఆ మనిషి గొంతు ఎట్లుంటుందో ఊళ్లో ఎవరికీ తెలియదు.

మా గడప ముందు కూడా నిలబడ్డారు. పోటీ చేసే మనిషిని కూడా ఓటు అడగడం మా దగ్గర మర్యాద. "అక్కా, నీ ఓటు గూడ మాకే ఎయ్యాలె" అన్నాడు బాల్‌రాజ్ నవ్వుతూ. వెనక వాడంతా చేరి చూస్తోంది.

"ఏస్త. బొందలగడ్డ బాట మీద గోడ తీపియ్యి. నా ఓటు నీ పెండ్లానికే."

ఎవరో ఈల వేశారు. ఎవరో "మా ఓట్లు గూడ" అని అరిచారు. మా అత్తమ్మ అరచెయ్యి చాపింది. అంతమంది చూస్తుండగా ఆ చేతిలో చెయ్యి వేయక ఏం చేస్తాడు? గట్టిగా చప్పుడయ్యేట్టు వేశాడు. మర్నాడు జేసీబీ వచ్చి, పెట్టె మోసేవాళ్లూ వెనక నడిచేవాళ్లూ పట్టేంత మేర గోడ కూల్చింది. దుమ్ము అణగకముందే రాములమ్మ ఒక్కతే అటు నడిచిపోయింది. చాలాసేపటికి గానీ తిరిగి రాలేదు.

పోలింగ్ బడిలో జరిగింది. బాలనర్సమ్మది ఉంగరం గుర్తు, మా అత్తమ్మది కత్తెర. మధ్యాహ్నమే లెక్కపెట్టారు. కత్తెర ఓడిపోయింది, బాగానే ఓడిపోయింది. కానీ కత్తెర కట్ట బల్ల మీద పెడుతుంటే బాల్‌రాజ్ మొహం చూడాలి! బియ్యం పట్టుకున్నవాళ్లు, బైబిల్ పట్టుకున్నవాళ్లు అంతమంది మా అత్తమ్మకు ఎట్లా వేశారో ఆయనకు అంతుబట్టలేదు. అందరూ ఆయనకే వేశామంటారు. ఎవరు అబద్ధమాడుతున్నారో తేల్చుకోలేక, ఆ రోజు నుంచి దండం పెట్టిన ప్రతివాణ్నీ అనుమానంగానే చూశాడు. రాములమ్మ మాత్రం బడి గేటు ముందు నిలబడి, "ఓడింది! నా కండ్లతోని సూసిన!" అని అందరికీ వినబడేట్టు నవ్వింది.

బాలనర్సమ్మ ప్రమాణం చేసిన మర్నాడు గోడ దగ్గర ఇటుకల ట్రాక్టర్ ఆగింది. మేస్త్రి సిమెంటు మాలు కలుపుతున్నాడు. అడిగితే బాల్‌రాజ్ ఫోనులో ఒక్కటే మాట అన్నాడు: "ఎలక్షన్ల మాట ఎలక్షన్లకే."

మా అత్తమ్మ తిట్టలేదు. తిట్టకపోయేసరికి నాకు భయమేసింది. చీర సర్దుకొని నేరుగా బాల్‌రాజ్ ఇంటికి నడిచింది. నేను వెనకే పోయాను. ఏం జరుగుతుందో చూడాలని రాములమ్మ కూడా కొంచెం ఎడంగా వచ్చింది.

బాలనర్సమ్మ అరుగు మీద కూర్చొని చింతపండులో గింజలు తీస్తోంది. బాల్‌రాజ్ లోపలి నుంచి వచ్చి అడ్డం నిలబడ్డాడు. "ఏమున్నా నాతోని మాట్లాడు. ఆమెకేం తెల్వదు."

"నీతోని నాకేం పని?" అంది మా అత్తమ్మ. "నువ్వెవలు? నీకు నేను ఓటెయ్యలే. నా ఓటు ఈమెకేసిన. నా సర్పంచ్‌తోని మాట్లాడనీకి వచ్చిన."

నేను నోరు తెరిచాను. "అత్తమ్మా, నువ్వు ఉంగరానికి ఏసినవా?"

"చేతిల చెయ్యేసి చెప్పిన గద. వాడు గోడ తీసిండు. నేను ఓటేసిన."

వెనక నుంచి రాములమ్మ కేక పెట్టింది. ఇన్నేళ్లలో మొదటిసారి సూటిగా మా అత్తమ్మ మొహం మీదే అరిచింది. "నీ నోట్ల మన్నువడ! నేను నీకేసి సస్తి, నువ్వు దీనికేసినవా!"

మా అత్తమ్మ ఆమె వైపు ఒకసారి చూసి, మళ్లీ అరుగు వైపు తిరిగింది. బాలనర్సమ్మ చేతిలో చింతపండు అట్లాగే ఉంది.

"నిజంగ నాకే ఏసినవా అక్కా?" అంది. గొంతు సన్నగా ఉంది. "ఇంతమంది గెలిపిచ్చిన్రంటరు. దండలన్ని ఆయన మెడలనే పడ్డయి. నీకేసిన అని నా మొఖం జూసి చెప్పినోళ్లు నువ్వొక్కదానివే."

"లోపలికి నడువ్" అన్నాడు బాల్‌రాజ్.

ఆమె చింతపండు చేటలో పడేసి, చెంబు నీళ్లతో చేతులు కడుక్కుంది. మొగుణ్ని దాటి అరుగు దిగింది. మమ్మల్ని రమ్మనలేదు, వద్దనలేదు. గోడ దిక్కు నడిచింది. ఆమె వెనక మా అత్తమ్మ, మా అత్తమ్మ వెనక తిట్టుకుంటూ రాములమ్మ.

అప్పటికే ఇటుకల రెండు వరసలు లేచి ఉన్నాయి. కూల్చేసి బాట వదలమంది బాలనర్సమ్మ. మేస్త్రి తాపీ పట్టుకొని నిలబడి, "ఒకపారి సార్‌ను అడగాలె గదమ్మా" అన్నాడు.

"ఏ సార్‌ను?" అంది సర్పంచ్.